స్నూపీని గీసిన షుల్జ్ చుట్టూ ఉన్న మనుషులు: తరచుగా అడిగే ప్రశ్నలు

చార్లీ బ్రౌన్ అనే పిల్లాడు, వాడి కుక్క స్నూపీ, లూసీ లాంటి పిల్లలతో చార్లెస్ షుల్జ్ అమెరికా పేపర్లలో గీసిన పీనట్స్ కామిక్ గురించి ఎక్కడ మాట్లాడుకున్నా అవే డౌట్లు మళ్లీ మళ్లీ వస్తున్నాయి. చార్లీ బ్రౌన్ నిజం మనిషేనా, ఆ ఎర్రజుట్టు అమ్మాయి ఎవరు, లూసీ అంటే షుల్జ్ వాళ్లావిడేనా. ఒక్కొక్కరికీ విడిగా జవాబు రాసే బదులు అన్నీ ఒకచోట పెడుతున్నాను. చార్లెస్ షుల్జ్ (1922–2000) జీవితంలో ఏ దశకి సంబంధించిన ప్రశ్న ఆ దశ కిందే ఉంటుంది, మీకు కావలసిన చోట మొదలుపెట్టి చదువుకోవచ్చు.

ఒక్క మాట ముందే చెప్పాలి. కామిక్‌లో పేరు దక్కినవాళ్లలో చాలామంది ఆయనకి ఆఫీసు స్నేహితులు, ఇరుగుపొరుగువాళ్లు. అమ్మ, నాన్న, సైన్యంలో అండగా నిలిచిన ఓ స్నేహితుడు, ఇరవై ఏళ్లు కాపురం చేసిన మొదటి భార్య... ఆయన బతుకంతా అల్లుకుపోయిన వీళ్ల పేర్లతో మాత్రం ఒక్క పాత్ర కూడా లేదు. అది నాకు చాలా అన్యాయంగా అనిపిస్తుంది, అందుకే ఇక్కడ వాళ్లకి ఎక్కువ చోటిచ్చాను.

## చిన్నతనం, సెయింట్ పాల్ ఊరు

అందరూ ఆయన్ని స్పార్కీ అని పిలుస్తారేంటి? ఆ పేరు ఎవరు పెట్టారు?

పుట్టిన రెండు రోజులకే బంధువు ఒకాయన పెట్టిన ముద్దుపేరు అది. అప్పట్లో బార్నీ గూగుల్ అనే కామిక్‌లో స్పార్క్ ప్లగ్ అనే గుర్రం ఉండేది, ఆ పేరునే పసివాడికి తగిలించారు. ఇంట్లోవాళ్లకీ స్నేహితులకీ ఆయన చివరిదాకా స్పార్కీయే.

చార్లీ బ్రౌన్ నాన్న బార్బర్ కదా, షుల్జ్ నాన్న కూడా అదే పని చేసేవారా?

అవును. కార్ల్ షుల్జ్ జర్మనీలో పుట్టి అమెరికా వచ్చిన మనిషి. సెయింట్ పాల్‌లో స్నెల్లింగ్, సెల్బీ అవెన్యూలు కలిసే చోట ఆయన బార్బర్ షాప్ ఉండేది. షుల్జ్ ఒక విషయం చాలాసార్లు చెప్పుకున్నాడు. తన జుట్టు నాన్న దగ్గరే కత్తిరించుకునేవాడు, సగం అయ్యేసరికి డబ్బులిచ్చే కస్టమర్ ఎవరైనా వస్తే కుర్చీ దిగిపోయి, సగం జుట్టుతో పక్కన బెంచీ మీద కూర్చోవాల్సి వచ్చేదట. పిల్లాడికి సిగ్గుగానే ఉండి ఉంటుంది గానీ, 1930లలో ఆర్థిక మాంద్యం నడుస్తున్నప్పుడు ఒక్క కస్టమర్‌ని కూడా వదులుకునే పరిస్థితి కాదు ఆ తండ్రిది.

కామిక్స్ పిచ్చి కొడుక్కి అంటించింది కూడా కార్లే. ఆదివారం వస్తే ఒకటికి నాలుగు పేపర్లు తెచ్చుకుని తండ్రీ కొడుకులు కూర్చుని కామిక్స్ పేజీలు చదివేవాళ్లు. బొమ్మలు గీసి బతుకుతానంటే వద్దనకుండా, కరస్పాండెన్స్ కోర్సుకి 170 డాలర్ల ఫీజు వాయిదాల్లో కట్టాడు, అవీ కష్టం మీదే కట్టాడు. 1966లో కొడుకుని చూడ్డానికి కాలిఫోర్నియా వచ్చినప్పుడు అక్కడే చనిపోయాడు. చార్లీ బ్రౌన్ తన తండ్రి గురించి మాట్లాడే స్ట్రిప్‌లు (పేపర్లో కొన్ని గళ్లలో వచ్చే చిన్న కామిక్‌లు) వెతికి చదవండి, అంత సంపాదన, అంత పేరు వచ్చిన తర్వాత కూడా షుల్జ్ ఆ పిల్లాడి తండ్రిని బార్బర్‌గానే ఉంచాడు.

వాళ్ల అమ్మ గురించి ఎక్కడా పెద్దగా కనపడదు. ఆవిడకి ఏమైంది?

ఎక్కువ మంది అడగాల్సిన ప్రశ్న ఇది, తక్కువ మంది అడుగుతారు. ఆవిడ పేరు డీనా హాల్వర్సన్, నార్వే నుంచి వచ్చి స్థిరపడిన కుటుంబం. షుల్జ్ ఒక్కడే కొడుకు. "మీకు బొమ్మలు గీయడం ఇష్టమా" అంటూ ఒక ఆర్ట్ స్కూల్ పేపర్లో వేసిన ప్రకటన ముందు చూసి కొడుక్కి చూపించింది ఆవిడే. ఆ ప్రకటన చూపించకపోతే తర్వాత జరిగిన దాంట్లో చాలా భాగం జరిగేది కాదు.

డీనాకి గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ వచ్చింది. కొడుకు సైన్యంలో చేరాల్సిన సమయానికి ఆవిడ మంచం మీద ఉంది. 1943 ఫిబ్రవరి ఆఖర్లో శిక్షణ నుంచి ఒక ఆదివారం ఇంటికొచ్చి, సాయంత్రం తిరిగి బయల్దేరుతూ అమ్మ దగ్గరికి వెళ్తే, ఇప్పుడే వీడ్కోలు చెప్పుకుందాం, మళ్లీ మనం చూసుకోకపోవచ్చు అన్నదట. మర్నాడే చనిపోయింది. ఇరవయ్యేళ్ల కుర్రాడు. అంత్యక్రియలు కాగానే మళ్లీ క్యాంపుకి వెళ్లిపోవాల్సి వచ్చింది. దశాబ్దాల తర్వాత ఇంటర్వ్యూల్లో కూడా ఆ సాయంత్రం గురించి చెప్తూనే ఉన్నాడు, దాని నుంచి తేరుకున్నానని ఎప్పుడూ అనలేదు.

పీనట్స్‌లో పెద్దవాళ్లు కనపడకపోవడానికి ఇదే కారణమని కొందరు తేల్చేస్తుంటారు. షుల్జ్ చెప్పిన కారణం మాత్రం వేరు. ఆ చిన్న గళ్లలో పిల్లల ఎత్తుకి సరిపడేలా గీస్తాడు కాబట్టి పెద్దవాళ్లకి చోటే లేదన్నాడు. నేను ఆయన మాటే తీసుకుంటాను.

స్నూపీ నిజంగా వాళ్లింట్లో కుక్కేనా?

ఇంట్లో స్పైక్ అనే నలుపు తెలుపు కుక్క ఉండేది, స్నూపీ రూపానికీ తెలివికీ మూలం అదే. బీగిల్ మాత్రం కాదు, పాయింటర్ పోలికలున్న మిశ్రమ జాతి. పిన్నులు, మేకులు, బ్లేడ్లు కూడా మింగేసేదట. దాని బొమ్మ గీసి రిప్లే వింతల శీర్షికకి పంపితే 1937 ఫిబ్రవరి 22న అచ్చయింది. అప్పటికి షుల్జ్ వయసు 14, అచ్చులో వచ్చిన మొదటి బొమ్మ అదే.

పేరు విషయానికొస్తే, ముందు స్నిఫీ అని పెడదామనుకున్నాడు గానీ అప్పటికే ఇంకో కామిక్‌లో ఆ పేరుతో కుక్క ఉందని తెలిసింది. అప్పుడు అమ్మ మాట గుర్తొచ్చింది. ఇంకో కుక్కని తెచ్చుకుంటే స్నూపీ అని పిలుద్దాం అనేదట ఆవిడ. అమ్మ పేరుతో పాత్ర లేదు గానీ, ప్రపంచమంతా పిలిచే ఆ కుక్క పేరు మాత్రం ఆవిడ ఇచ్చిందే. స్పైక్ పేరు కూడా పోలేదు, తర్వాత స్నూపీ అన్నకి అదే పెట్టాడు. ఆ అన్న ఉండేది నీడిల్స్ అనే ఎడారి ఊళ్లో. షుల్జ్ కుటుంబం ఆయన చిన్నప్పుడు కొంతకాలం ఆ ఊళ్లోనే ఉంది.

స్కూల్లో ఎవరూ ఎంకరేజ్ చెయ్యలేదంటారు, నిజమేనా?

పూర్తిగా నిజం కాదు. సెంట్రల్ హైస్కూల్లో మినెట్ పారో అనే డ్రాయింగ్ టీచర్ ఆయన చేతిలో ఏముందో గుర్తించింది. స్కూల్ ఇయర్‌బుక్‌కి బొమ్మలు గీయమని అడిగింది కూడా ఆవిడే. గీసిచ్చాడు. పుస్తకం వచ్చాక చూస్తే ఒక్కటీ లేదు. ఆ తిరస్కారం కథే అందరూ చెప్పుకుంటారు, అడిగిన టీచర్ పేరు మాత్రం ఎవరికీ గుర్తుండదు.

షెర్మీ ఎవరు?

షెర్మన్ ప్లెప్లర్ అనే చిన్ననాటి స్నేహితుడి పేరు అది. 1950 అక్టోబర్ 2న వచ్చిన మొట్టమొదటి స్ట్రిప్‌లో మాట్లాడేది షెర్మీ ఒక్కడే, చార్లీ బ్రౌన్ నడిచి వెళ్తుంటే వాడి గురించి మాట్లాడతాడు. తర్వాత ఆ పాత్ర మెల్లగా కనుమరుగైపోయింది.

## సైన్యంలో

యుద్ధం రోజుల్లో ఆయనకి తోడుగా ఎవరున్నారు?

ఎల్మర్ హేగెమేయర్. ఈ పేరు పీనట్స్ అభిమానుల్లో కూడా చాలామందికి తెలియదు, తెలియాలి. అమ్మ పోయిన దుఃఖంతో, ఎవరితోనూ కలవలేని బిడియంతో కెంటకీలో క్యాంప్ క్యాంప్‌బెల్‌కి వెళ్లిన కుర్రాడిని చేరదీసింది ఈయనే. వయసులో పెద్ద, పెళ్లయినవాడు, సైన్యంలోకి రాకముందు సెయింట్ లూయిస్‌లో పోలీసు. తమ్ముడిలా చూసుకున్నాడు. ఎల్మర్ తన భార్య మార్గరెట్‌కి ఉత్తరాలు రాస్తే, ఆ కవర్ల మీద షుల్జ్ సైనికుల జీవితం మీద కార్టూన్లు గీసి పంపేవాడు. ఆవిడ వాటిని పారెయ్యకుండా దాచింది, షుల్జ్ తొలినాళ్ల గీత ఎలా ఉండేదో ఇవాళ మనకి తెలియడంలో ఆవిడ చలవ కూడా ఉంది.

షుల్జ్ 20వ ఆర్మర్డ్ డివిజన్‌లో స్టాఫ్ సార్జెంట్ దాకా ఎదిగాడు, మెషీన్ గన్ దళానికి నాయకుడు. 1945 మొదట్లో యూరప్ వెళ్లాడు. సార్జెంట్ అయ్యానన్న గర్వం ఆయనకి చివరిదాకా ఉంది. అమ్మ పోయిన తర్వాత ఆ కుర్రాడు కుంగిపోకుండా అంతదూరం రావడం వెనక హేగెమేయర్ లాంటి ఒక మనిషి పక్కన ఉండటం చాలా పెద్ద సంగతని నా నమ్మకం.

## మినియాపొలిస్, ఆర్ట్ స్కూల్ ఉద్యోగం

చార్లీ బ్రౌన్ అనే మనిషి నిజంగా ఉన్నాడా?

ఉన్నాడు. చార్లెస్ ఫ్రాన్సిస్ బ్రౌన్, ఆర్ట్ ఇన్‌స్ట్రక్షన్ సంస్థలో షుల్జ్‌తో కలిసి పనిచేసిన ఇన్‌స్ట్రక్టర్. పోస్టులో వచ్చే విద్యార్థుల బొమ్మలు దిద్ది పంపడం వాళ్ల పని. పేరు వాడుకుంటానని షుల్జ్ అడిగితే సరేనన్నాడు. బొమ్మ గీశాక వచ్చి చూసి, వీడేనా, స్టీవ్ కాన్యన్ లాగా ఉంటాడనుకున్నానే అన్నాడట. స్టీవ్ కాన్యన్ అంటే అప్పట్లో పేరున్న కామిక్ హీరో, విమానాలు నడిపే అందగాడు.

ఆ పేరు బ్రౌన్‌కి సుఖం ఇచ్చినంత కష్టమూ ఇచ్చింది. ఎక్కడ పేరు చెప్పినా జనం నవ్వేవాళ్లు, ఎప్పుడూ ఓడిపోయే పిల్లాడు నువ్వేనా అని అడిగేవాళ్లు. నిజానికి పాత్ర స్వభావం చాలావరకు షుల్జ్‌దే, బ్రౌన్ దగ్గర తీసుకున్నది పేరు. తర్వాత ఆయన మినియాపొలిస్ ప్రాంతంలో దారి తప్పిన పిల్లలతో పనిచేశాడు. 1983లో క్యాన్సర్‌తో చనిపోయాడు.

లైనస్, ఫ్రీడా కూడా నిజం పేర్లేనా?

రెండూ అదే ఆఫీసులోవి. లైనస్ మౌరర్ స్వయంగా కార్టూనిస్టు, ఒకరోజు షుల్జ్ కొత్త పిల్లాడి బొమ్మ గీసి పక్కనే ఉన్న ఆయనకి చూపిస్తే, ఆయన పేరే పెడితే బాగుంటుందనిపించింది. ఆయన కూడా తర్వాత కాలిఫోర్నియాలోనే స్థిరపడి, 2016లో చనిపోయేదాకా ఆ చుట్టుపక్కలే ఉన్నాడు. ఫ్రీడా రిచ్ మినియాపొలిస్ ఆర్టిస్టు, ఆవిడ జుట్టు నిజంగానే ఉంగరాల జుట్టు. 1961లో వచ్చిన ఫ్రీడా పాత్ర మాట్లాడితే తన ఉంగరాల జుట్టు సంగతే ఎత్తుతుంది కదా, అది అక్కడిదే.

ఆ ఎర్రజుట్టు అమ్మాయి ఎవరు? ఆయన లవ్ స్టోరీ నిజమేనా?

నిజమే. కామిక్‌లో చార్లీ బ్రౌన్ దూరం నుంచే ప్రేమించే ఆ అమ్మాయికి మూలమైన ఆవిడ పేరు డోనా మే జాన్సన్, ఆర్ట్ ఇన్‌స్ట్రక్షన్‌లోనే అకౌంట్స్ విభాగంలో పనిచేసేది. షుల్జ్ ఆమె డెస్క్ మీద చిన్న చిన్న కార్టూన్లు గీసి పెట్టేవాడు. ఇద్దరూ కలిసి తిరిగారు, ఆమెకీ ఆయనంటే ఇష్టమే. అదే సమయంలో అలన్ వోల్డ్ అనే అతనితో కూడా స్నేహం ఉంది, ఇద్దరిలో ఎవరన్నది తేల్చుకోలేకపోయింది.

1950 జూన్‌లో షుల్జ్ న్యూయార్క్ వెళ్లి సిండికేట్‌తో (కామిక్‌లని పేపర్లకి అమ్మిపెట్టే సంస్థ) ఒప్పందం ఖాయం చేసుకుని వచ్చాడు, పెళ్లి చేసుకుందామని అడిగాడు. ఆమె అలన్‌ని ఎంచుకుంది. వెళ్లిపోయిన మనిషి కాసేపటికి మళ్లీ తిరిగొచ్చాడట, మనసు మార్చుకుందేమోనని. మార్చుకోలేదు. అక్టోబర్ మొదట్లో పీనట్స్ ఏడు పేపర్లలో మొదలైంది, అదే నెలలో డోనా పెళ్లయింది. ఒకే నెలలో రెండూ.

కామిక్‌లో ఆ అమ్మాయి మాట మొదటిసారి వచ్చింది 1961 నవంబర్ 19న, అంటే పదకొండేళ్ల తర్వాత. యాభై ఏళ్ల స్ట్రిప్‌లో ఆమె ముఖం ఒక్కసారి కూడా గీయలేదు, 1998లో ఒక నీడ బొమ్మ తప్ప. టీవీ కార్టూన్లో ముఖం చూపించారు గానీ అది టీవీవాళ్ల సంగతి. డోనా పేరు లోకానికి తెలిసింది 1989లో వచ్చిన జీవిత చరిత్రతో. అప్పటిదాకా ఆమె ఎవరికీ చెప్పుకోకుండా, భర్తతో పిల్లలతో మినియాపొలిస్‌లోనే ఉంది, ఇంకా ఆసరా కావలసిన ఎందరో పిల్లలకి తన ఇంట్లో ఆశ్రయమిచ్చి చూసుకుంది. 2016 ఆగస్టులో 87వ ఏట చనిపోయింది.

డోనాని మోసగత్తెలా చిత్రించే రాతలు చూస్తుంటే నాకు బాధేస్తుంది. ఆమె ఎవరినీ మోసం చెయ్యలేదు. ఇద్దరు మంచివాళ్లలో ఒకర్ని ఎంచుకుంది, అతనితోనే జీవితమంతా గడిపింది. షుల్జ్‌కి కూడా ఆమె మీద కోపం లేదు, తర్వాత స్నేహంగానే ఉన్నారు.

పిల్లల బొమ్మలే గీయమని ఎవరు చెప్పారు?

ఫ్రాంక్ వింగ్ అనే సీనియర్ ఇన్‌స్ట్రక్టర్. షుల్జ్ పక్కన కూర్చుని పనిచేసేవాడు, చిన్నపిల్లల బొమ్మలు చూసి ఇవి ఇంకా గియ్యి అన్నాడు. విచిత్రం ఏంటంటే, అదే సంస్థ కరస్పాండెన్స్ కోర్సు చదివేటప్పుడు పిల్లల బొమ్మలు గీసే పాఠానికి షుల్జ్‌కి వచ్చిన గ్రేడు సి ప్లస్.

పీనట్స్ అనే పేరు ఆయనకి ఇష్టం లేదంటారు, మరి పెట్టిందెవరు?

సిండికేట్ ఆఫీసులో బిల్ ఆండర్సన్ అనే ప్రొడక్షన్ మేనేజరు. పది పేర్ల జాబితా రాసిచ్చాడు, అందులోంచి ఇది ఎంచారు. షుల్జ్ అంతకుముందు సెయింట్ పాల్ పేపర్లో లిల్ ఫోక్స్ పేరుతో గీసేవాడు, ఆ పేరు చట్టపరంగా వాడుకోలేమన్నారు. పీనట్స్ అనే పేరంటే ఆయనకి చివరిదాకా అయిష్టమే.

## మొదటి పెళ్లి, పిల్లలు

మొదటి భార్య ఎవరు? ఆవిడ గురించి ఎందుకు అంతగా రాయరు?

జాయ్‌స్ హాల్వర్సన్. ఇంటిపేరు షుల్జ్ తల్లి పుట్టింటి పేరే, అయినా చుట్టరికం లేదు. 1951 ఏప్రిల్‌లో పెళ్లయింది. ఆమెకి అంతకుముందు పెళ్లై విడిపోయిన తర్వాత ఏడాది వయసున్న పాప ఉంది, పేరు మెరిడిత్. షుల్జ్ ఆ పాపని దత్తత తీసుకుని తన బిడ్డలాగే పెంచాడు. తర్వాత మాంటే, క్రెయిగ్, ఏమీ, జిల్ పుట్టారు.

పీనట్స్ ప్రపంచమంతా పాకిన ఆ ఇరవై ఏళ్లూ ఇల్లు నడిపింది జాయ్‌సే. షుల్జ్ ఇల్లు కదలాలంటే భయపడే మనిషి, ప్రయాణాలంటే టెన్షన్. జాయ్‌స్ దానికి పూర్తి వ్యతిరేకం, ఏదో ఒకటి కట్టాలి, కదలాలి, కొత్త చోటు చూడాలి. 1958లో కుటుంబం కాలిఫోర్నియాలోని సెబాస్టపోల్ వెళ్లి 28 ఎకరాల స్థలంలో స్థిరపడింది, గుర్రాల శాల, పిల్లలకి ఆటస్థలాలు అన్నీ దగ్గరుండి కట్టించింది ఆవిడే. శాంటా రోజాలో ఉన్న పాత ఐస్ రింక్ మూతపడితే కొత్తది కట్టించే పని నెత్తిన వేసుకుని 1969లో ప్రారంభించింది కూడా ఆవిడే. ఇవాళ టూరిస్టులు షుల్జ్ ఐస్ రింక్ అని ఫోటోలు దిగుతారు గానీ ప్లాను దగ్గర్నుంచి మేస్త్రీ పని దాకా ప్రతి అంగుళం చూసుకున్నది జాయ్‌స్. 1972లో విడిపోయారు, ఆవిడ మళ్లీ పెళ్లి చేసుకుంది.

రాయకపోవడానికి కారణం సులువే. విడిపోయిన భార్య గురించి మ్యూజియం బోర్డుల మీద, పత్రికల్లో తక్కువ రాస్తారు. నా మాట నేను చెప్తున్నాను, ఈ కథలో ఎక్కువ అన్యాయం జరిగింది ఈవిడకే.

అయితే లూసీ అంటే జాయ్‌సేనా?

కొంత పోలిక ఉందని చాలామంది రాశారు. కానీ పుట్టుక చూస్తే లూసీ మొదట్లో చిన్నపాప, 1952 మార్చిలో వచ్చింది. అప్పటికి ఇంట్లో రెండేళ్ల మెరిడిత్ ఉంది, ప్రతిదానికీ పేచీ పెట్టే ఆ పాపని తల్లి విసుక్కుంటూ పిలిచే మాటనే షుల్జ్ లూసీకి తగిలించాడు. షుల్జ్‌ని అడిగితే, అందరిలోనూ నేనే ఉన్నాను, లూసీలో నా వెటకారం ఉంది అనేవాడు. ఒక పాత్రని ఒక మనిషికి అంటగట్టేస్తే గీసినవాడి కష్టం, ఆ మనిషి గౌరవం రెండూ పోతాయి.

వాన్ పెల్ట్ అనే ఇంటిపేరు ఎక్కడిది?

పెళ్లయిన కొత్తలో కొలరాడో స్ప్రింగ్స్‌లో కొన్నాళ్లు ఉన్నారు, అక్కడ స్నేహమైన దంపతుల ఇంటిపేరు అది. లూసీకీ లైనస్‌కీ అదే పెట్టాడు.

పిల్లల మాటలు కామిక్‌లో వాడుకునేవాడా?

వాడుకునేవాడు, అయితే పిల్లలు అనుకున్నంత ఎక్కువ కాదు. బాగా తెలిసినది ఏమీ సంగతి. భోజనాల దగ్గర గోల చేస్తుంటే కాసేపు నిశ్శబ్దంగా ఉండమన్నాడట. ఆ పిల్ల ఏమీ మాట్లాడకుండా బ్రెడ్ తీసుకుని వెన్న రాస్తూ, నేను మరీ గట్టిగా రాస్తున్నానా అని అడిగింది. అది అలాగే స్ట్రిప్ అయింది. మెరిడిత్‌కి కొన్న బొమ్మ పియానో కామిక్‌లో ష్రోడర్ అనే పిల్లాడి చేతికి వెళ్లింది. స్నూపీ 1965లో మొదటి ప్రపంచ యుద్ధం పైలట్ అవతారం ఎత్తడానికి, మాంటే అతికిస్తున్న ప్లాస్టిక్ విమానం బొమ్మ కారణం.

## కాలిఫోర్నియా రోజులు

పీనట్స్ వేరేవాళ్లు గీసేవారని విన్నాను, ఎవరు?

రోజూ పేపర్లో వచ్చే స్ట్రిప్ మొదటి నుంచి చివరిదాకా ఆయన ఒక్కడే గీశాడు, అక్షరాలతో సహా. కామిక్ పుస్తకాల సంగతి వేరు. 1950ల చివర్లో డెల్ కంపెనీ వేసిన పీనట్స్ కథల్లో చాలావాటిని జిమ్ సాస్‌విల్ గీశాడు. ఆర్ట్ ఇన్‌స్ట్రక్షన్ స్నేహితుడు, షుల్జ్‌తో పాటు కాలిఫోర్నియా వచ్చినవాడు. ఆటల మీద షుల్జ్ చేసిన ఇంకో కామిక్‌లో కూడా ఎక్కువ గీత ఈయనదే. ఆయన పేరు కామిక్స్ సేకరించేవాళ్లకి తప్ప పెద్దగా ఎవరికీ తెలియదు.

పెప్పర్‌మింట్ ప్యాటీ ఎవరి మీద ఆధారపడింది?

ప్యాట్రీషియా స్వాన్సన్ అనే కజిన్ మీద. ప్యాటీ 1966లో వచ్చింది.

ఫ్రాంక్లిన్ పాత్ర ఒక ఉత్తరం వల్ల పుట్టిందంటారు, ఆ రాసినావిడ ఎవరు?

హారియెట్ గ్లిక్‌మన్, లాస్ ఏంజెలెస్‌లో టీచర్. 1968 ఏప్రిల్ 4న మార్టిన్ లూథర్ కింగ్ హత్య జరిగింది. పదకొండు రోజులకి, ఏప్రిల్ 15న ఆవిడ షుల్జ్‌కి ఉత్తరం రాసింది, ఇంతమంది చదివే మీ కామిక్‌లో ఒక నల్లజాతి పిల్లాడిని తీసుకురండి అని. ఆయన జవాబిచ్చాడు, నాకూ చెయ్యాలని ఉంది గానీ వాళ్లని చులకన చేసి దయ చూపిస్తున్నట్టు ఉంటుందేమోనని భయం అన్నాడు.

ఆవిడ అక్కడితో ఆగలేదు. మీ ఉత్తరం నా నల్లజాతి స్నేహితులకి చూపించనా అని అడిగి, వాళ్లచేత రాయించింది. వాళ్లలో కెనెత్ కెల్లీ అనే తండ్రి రాసినది చాలా ముఖ్యం. ముందే పెద్ద హీరోని చెయ్యక్కర్లేదు, మామూలు రోజువారీ దృశ్యంలో మిగతా పిల్లలతో పాటు ఒకడిగా చూపిస్తే చాలు అన్నాడాయన. 1968 జులై 31న ఫ్రాంక్లిన్ వచ్చాడు. సముద్రం ఒడ్డున, చార్లీ బ్రౌన్ బంతి నీళ్లలోకి పోతే తెచ్చిస్తాడు, అంతే. కెల్లీ చెప్పినట్టే.

అమెరికా దక్షిణాది పేపర్ల నుంచి అభ్యంతరాలు వచ్చాయి. సిండికేట్ అధ్యక్షుడు మార్పులు సూచిస్తే, గీసింది గీసినట్టు వేస్తారా, నన్ను మానెయ్యమంటారా అని అడిగాడు షుల్జ్. గ్లిక్‌మన్ 2020 మార్చిలో 93వ ఏట చనిపోయింది. ఫ్రాంక్లిన్‌కి ఆర్మ్‌స్ట్రాంగ్ అనే ఇంటిపేరు 1990లలో వచ్చింది, రాబ్ ఆర్మ్‌స్ట్రాంగ్ అనే నల్లజాతి కార్టూనిస్టుకి షుల్జ్ ఫోన్ చేసి అడిగి మరీ పెట్టాడు.

మొదటి పెళ్లి విడిపోవడానికి వేరే అమ్మాయి కారణమా?

1970 ప్రాంతంలో ఒక యువతితో సంబంధం ఉన్న మాట నిజం, 2007లో వచ్చిన జీవిత చరిత్రలో వివరంగా ఉంది. పెళ్లి అప్పటికే సరిగా లేదు. ఆవిడ సెలబ్రిటీ కాదు, పేరు ఇక్కడ రాయడం నాకిష్టం లేదు. ఆ కాలంలో స్నూపీ ప్రేమలో పడి మాట వినకుండా తిరిగే స్ట్రిప్‌లు ఉన్నాయి, తెలిసి చదివితే అర్థం వేరేగా ఉంటుంది.

రెండో భార్య జీన్ ఎలా పరిచయం?

ఐస్ రింక్‌లోనే. జీన్ ఫోర్సైత్ తన కూతుర్ని స్కేటింగ్‌కి దింపడానికి వచ్చేది, షుల్జ్ రోజూ అక్కడి కాఫీ షాపులో టిఫిన్ చేసేవాడు. 1973లో పెళ్లి చేసుకున్నారు. జీన్ పైలట్ కూడా. 1975లో తల్లితో కలిసి మహిళల విమాన పోటీలో పాల్గొంది, ఆ ఏడాదే ప్యాటీ, మార్సీ కూడా కామిక్‌లో అదే పోటీకి వెళ్లారు. కామిక్‌లో చార్లీ బ్రౌన్ చెల్లెలు శాలీ లైనస్‌ని స్వీట్ బబూ అని పిలిచి విసిగిస్తుంది కదా, అది జీన్ షుల్జ్‌ని పిలిచిన పిలుపు.

## ఆ తర్వాత

2007లో వచ్చిన జీవిత చరిత్రని కుటుంబం ఎందుకు తప్పుపట్టింది?

అందులో షుల్జ్ ఎప్పుడూ దిగులుగా, పిల్లలకి దూరంగా ఉండే మనిషిగా కనిపిస్తాడని. రచయితకి ఇంటర్వ్యూలు, కాగితాలు ఇచ్చింది కుటుంబమే, అందుకే బాధ ఎక్కువైంది. మాంటే బహిరంగంగానే చాలా వివరంగా విమర్శించాడు. దిగులు నిజమే, షుల్జ్ స్వయంగా చెప్పుకున్నాడు. కానీ రోజూ పిల్లల్ని స్కూలుకి తీసుకెళ్లి వాళ్లతో ఆడిన తండ్రి కూడా ఆయనే. ఆ పుస్తకం ఒక్కటే చదివి అభిప్రాయం పెట్టుకోకండి.

ఈ మనుషుల జ్ఞాపకాలు చూడాలంటే ఎక్కడికి వెళ్లాలి?

శాంటా రోజాలో 2002 ఆగస్టులో తెరిచిన షుల్జ్ మ్యూజియంకి. శాన్‌ఫ్రాన్సిస్కోకి ఉత్తరాన గంటకి పైగా డ్రైవ్, బే ఏరియాలో ఉన్న మనవాళ్లు వారాంతంలో వెళ్లి రావచ్చు. ఐస్ రింక్ కూడా పక్కనే. అక్కడ ఒక గోడ తప్పకుండా చూడండి. 1951లో కొలరాడో స్ప్రింగ్స్ ఇంట్లో పాప మెరిడిత్ గదికి షుల్జ్ గీసిన గోడ అది. తర్వాత ఆ ఇంట్లో ఉన్నవాళ్లు దాని మీద రంగులు వేసేశారు, ఇంకొకావిడ ఇల్లు కొన్నాక ఓపిగ్గా పెయింట్ పొరలు తీసి బొమ్మల్ని బయటపెట్టి మ్యూజియంకి ఇచ్చేసింది. గోడనే కోసి తెచ్చి పెట్టారు.

ఇప్పుడు పేపర్లో వచ్చే పీనట్స్ ఎవరు గీస్తున్నారు? పిల్లలా?

ఎవరూ గీయడం లేదు. 1999 చివర్లో షుల్జ్‌కి స్ట్రోక్ వచ్చింది, క్యాన్సర్ బయటపడింది, డిసెంబర్‌లో మానేస్తున్నట్టు ప్రకటించాడు. 2000 ఫిబ్రవరి 12 రాత్రి చనిపోయాడు, చివరి ఆదివారం స్ట్రిప్ మర్నాడు పేపర్లో వచ్చింది. మొత్తం 17,897 స్ట్రిప్‌లు. నాన్న తర్వాత ఈ స్ట్రిప్ ఇంకెవరూ గీయకూడదని పిల్లలే పట్టుబట్టారు, సిండికేట్ ఒప్పుకుంది. సినిమాలు, టీవీ కార్టూన్లు, కొత్త కామిక్ పుస్తకాలు వేరేవాళ్లు చేస్తున్నారు. రోజూ పేపర్లో మీరు చూసేవి మాత్రం పాతవే, మళ్లీ వేస్తున్నారు.